వేలి కొనల మీద నలుగురు

జెలైజా రోజ్‌కి నలుగురు నేస్తాలున్నారు. నలుగురికీ తలలే తప్ప మొండాలు లేవు. ఎప్పుడో విరిగిపోయిన ఆడబొమ్మల తలలవి. వాటిని వేలి కొనలకు తొడుక్కుని తిరుగుతుంటుంది. మిస్టీక్, సాటీన్ లిప్స్, బేబీ బ్లాండ్, గ్లిటర్ గాల్ అని వాటి పేర్లు. ఇంట్లో పెద్దవాళ్లు మత్తులో పడి ఉన్నప్పుడు, ఆ తర్వాత పెద్దవాళ్లే లేకుండా పోయినప్పుడు, ఏం చెయ్యాలన్నా ఈ నలుగురితోనే సంప్రదింపులు. ఒకరు బెదురుతారు, ఒకరు దెప్పుతారు, ఒకరు సర్దిచెబుతారు. అన్ని గొంతులూ ఒక్క పిల్లవే. జెలైజా రోజ్‌గా నటించిన ఆ పిల్ల పేరు జోడెల్ ఫెర్లాండ్. కెనడాలోని సస్కాచెవాన్ ప్రావిన్స్ రాజధాని రెజైనా పరిసరాల్లో, 2004లో ఈ పాత్ర చేసేనాటికి ఆమెకి అటూఇటూగా పదేళ్లు.

సినిమా పేరు 'టైడ్‌లాండ్'. తీసింది టెరీ గిలియం. మాంటీ పైథాన్ హాస్య బృందంలో ఒకడిగా మొదలై 'బ్రెజిల్', '12 మంకీస్' తీసిన ఆ గిలియమే. మిచ్ కలిన్ 2000లో రాసిన నవలను తీసుకుని, టోనీ గ్రిసోనీతో కలిసి స్క్రీన్‌ప్లే రాసుకున్నాడు. తన ఇంకో సినిమా 'ది బ్రదర్స్ గ్రిమ్' విషయంలో నిర్మాతలతో పేచీ పడి, ఆ పని ఆగిన వ్యవధిలో రెజైనా వచ్చి దీన్ని తీసేశాడు. 2005 సెప్టెంబరులో టొరంటో చలనచిత్రోత్సవంలో మొదటిసారి చూపించారు. అదే నెలలో సాన్ సెబాస్టియన్ ఉత్సవంలో అంతర్జాతీయ విమర్శకుల సమాఖ్య బహుమతి దక్కింది. అమెరికాలో విడుదలకు మాత్రం 2006 అక్టోబరు దాకా ఆగాల్సి వచ్చింది. ఆ రోజుల్లో గిలియం న్యూయార్క్‌లో ఒక టీవీ కార్యక్రమం స్టూడియో బయట, టికెట్ల కోసం వరసలో ఉన్నవాళ్ల ముందు అట్టముక్క పట్టుకుని బిచ్చగాడిలా నిలబడి తన సినిమాకు తానే ప్రచారం చేసుకున్నాడు. అయినా జనం రాలేదు. అమెరికాలో వసూళ్లు లక్ష డాలర్లను కూడా అందుకోలేదు. హాల్లోంచి లేచిపోయినవాళ్లు ఎందరో, దీన్ని గుండెకు హత్తుకున్నవాళ్లు కొందరు. ఆ కొందరే ఇప్పటికీ డిస్కులు చేతులు మార్చుకుంటూ సినిమాను బతికిస్తున్నారు.

జోడెల్‌ది విచిత్రమైన పరిస్థితి. బ్రిటిష్ కొలంబియాలోని ననైమోలో 1994లో పుట్టింది. బడి ఈడు రాకముందే 'మెర్మైడ్' అనే టీవీ సినిమాలో నటించి డేటైమ్ ఎమ్మీ నామినేషన్ తెచ్చుకుంది. 'టైడ్‌లాండ్' తర్వాత 'సైలెంట్ హిల్', 'కేస్ 39', 'ట్వైలైట్' వరసలో 'ఎక్లిప్స్' చేసింది. పెద్ద కళ్లు, నల్లటి జుట్టు, పాలిపోయిన ముఖం చూసి హారర్ సినిమాలవాళ్లు ఆమెను ఆస్థాన భయపెట్టే పిల్లను చేసేశారు. ముఖం చూస్తే ఎక్కడో చూశామనిపిస్తుంది, పేరు మాత్రం నోటికి రాదు. ఆమె పనితనం ఎంత లోతైనదో చెప్పేది మాత్రం జనం చూడని ఈ ఒక్క సినిమానే. మిగతా చోట్ల పిల్లను చూసి చుట్టూ ఉన్నవాళ్లు భయపడతారు. ఇక్కడ చుట్టూ ఉన్నదంతా భయంకరం, పిల్ల ఒక్కతే మామూలుగా ఉంటుంది.

ఆ మామూలుతనమే ఈ నటనలోని పట్టు. కథ వింటే మీకే తెలుస్తుంది. తండ్రి నోవా (జెఫ్ బ్రిడ్జెస్) పాతబడిపోయిన రాక్ సంగీతకారుడు, హెరాయిన్‌కు బానిస. తల్లి (జెన్నిఫర్ టిలీ) మంచం దిగదు. మొదటి అరగంటలోనే తల్లి పోతుంది. తండ్రి పిల్లను బస్సెక్కించి ఊళ్లకు దూరంగా, గడ్డి మైదానం నడుమ పాడుబడ్డ తన తల్లి ఇంటికి తీసుకొస్తాడు. వచ్చిన కొద్దిసేపటికే సూది వేసుకుని కుర్చీలో కూర్చుంటాడు, మళ్లీ లేవడు. పిల్లకు తెలియదు. తెలుసేమో, తెలియనట్టు ఉందేమో. ఇక్కడినుంచి సినిమా దాదాపు మొత్తం ఆ పిల్ల భుజాల మీదే నడుస్తుంది.

ఆ భుజాలు ఎంత గట్టివో చూడ్డానికి మొదట్లోనే ఒక సన్నివేశం ఉంది. తండ్రికి మత్తుమందు సిద్ధం చేసి ఇచ్చేది కూతురే. ఇలాంటి సన్నివేశం పిల్ల చేత చేయించే దర్శకుడికి రెండు సులువైన దారులుంటాయి. ఒకటి, చేతులు వణికించడం. రెండు, కళ్లలో నీళ్లు నింపడం. జోడెల్ రెండూ చెయ్యదు. పొద్దున్నే నాన్నకు కాఫీ కలిపిచ్చే పిల్లలా, చెయ్యి తిరిగిన ధీమాతో చేసుకుపోతుంది. పని చక్కగా కుదిరిందన్న చిన్న తృప్తి కూడా ముఖంలో కనిపిస్తుంది. ఒళ్లు జలదరించేది ఆ తృప్తిని చూసే. ఆమె ఏడ్చి ఉంటే మన బాధ ఆమె మీదకు దిగిపోయేది, మనం తేలికపడేవాళ్లం. ఆమె ఏడవదు కనుక ఆ బరువు మన దగ్గరే మిగులుతుంది. ఈ లెక్క తొమ్మిది పదేళ్ల పిల్లకు ఎలా తెలుస్తుంది? లెక్కగా తెలిసి ఉండకపోవచ్చు. కానీ తన పాత్ర లోకంలో ఇది విశేషం కాదు, రోజూ ఉండేదే అన్న సంగతిని ఆమె పట్టుకుంది. పట్టుకున్నదాన్ని రెండు గంటల పాటు జారవిడవలేదు. నా దృష్టిలో గొప్పతనం ఆ రెండోదానిలో ఎక్కువ.

తల్లి దగ్గర ఉన్నప్పుడు ఆమె వేరే పిల్ల. కాళ్లు పిసుకుతూ, మంచం అంచున ఒక పిరుదు ఆనించి కూర్చుంటుంది. ఎప్పుడు తన్నులు పడతాయో, ఎప్పుడు ముద్దులు పడతాయో తెలియని పనిపిల్ల కూర్చున్నట్టుంటుంది. మాట తగ్గి, చూపు తల్లి చేతుల మీద ఉంటుంది. తండ్రి దగ్గర అదే పిల్ల సగం తోడుదొంగ, సగం సంరక్షకురాలు. గొంతులో చొరవ వస్తుంది, అతని ఊహలకు వంతపాడుతుంది. తర్వాత పొరుగున కనిపించే డెల్ (జానెట్ మెక్‌టీర్) నల్లబట్టల్లో, తేనెటీగల నుంచి కాపాడుకునే ముసుగులో మొదటిసారి ఎదురైనప్పుడు దయ్యమనుకుని జంకుతుంది. ఆ జంకు పోకుండానే ఆవిడ మెప్పు కోసం ఆరాటం మొదలవుతుంది. డెల్ తమ్ముడు డికెన్స్ (బ్రెండన్ ఫ్లెచర్) వయసులో పెద్దవాడే, మనసు మాత్రం పసివాడిది. వాడి ముందు జెలైజా రోజ్ నడుం మీద చెయ్యేసుకుని పెత్తనం చేస్తుంది. ఎదుటి మనిషి మారితే పిల్ల గొంతు స్థాయి, మెడ వంపు, అడుగుల వేగం మారతాయి. ఇంతమంది పెద్దవాళ్ల దగ్గర ఇన్ని రకాలుగా బతకడం నేర్చుకున్న పిల్ల అని వేరే మాటల్లో చెప్పాల్సిన పని లేకుండా పోతుంది.

ఇక బొమ్మలు. పల్లెల్లో తోలుబొమ్మలాట చూసినవాళ్లకు ఒక సంగతి తెలుసు. కేతిగాడి వెకిలితనం, బంగారక్క గయ్యాళితనం ఎవరి గొంతులోంచి వస్తున్నాయో మనకి కనబడదు. తెర వెనక ఉన్న మనిషి తెర వెనకే ఉంటాడు. గొంతు మార్చడం ఒక్కటే అతని బాధ్యత, ముఖం సంగతి ఎవరికీ పట్టదు. జోడెల్‌కి ఆ తెర లేదు. ఆడించే మనిషి, ఆడే బొమ్మ, చూసే మనిషి ముగ్గురూ ఒకే ఫ్రేములో ఉన్నారు, అందులో ఇద్దరు ఆమే. బొమ్మ గొంతు తీస్తున్నప్పుడే ఆ బొమ్మ మాటలు వింటున్న పిల్లగా ముఖం పెట్టాలి. చేసి చూడండి, ఎంత కష్టమో తెలుస్తుంది. మన గొంతుతో ఇంకొకరిలా మాట్లాడుతుంటే ముఖం కూడా ఆ ఇంకొకరిదే అయిపోతుంది. జోడెల్ ముఖం అలా లొంగదు. మిస్టీక్ చీవాట్లు పెడుతుంటే ఆ చీవాట్లు తింటున్న పిల్ల ముఖమే కనిపిస్తుంది.

ఇందులో సౌండు విభాగం సాయం కొంత ఉంది. కొన్నిచోట్ల బొమ్మ మాట్లాడేటప్పుడు ఆమె పెదవులు కదులుతాయి, కొన్నిచోట్ల కదలవు, గొంతు తర్వాత కలిపినదే. ఎప్పుడు ఆట, ఎప్పుడు ఆట దాటిపోయి పిల్ల తలలో నిజమైపోయింది అన్న ఎల్లను గిలియం ఆ పెదవుల మీదే గీశాడు. కానీ డబ్బింగ్ ఎంత బాగున్నా, చిత్రీకరణ రోజున ఆ చూపు లేకపోతే ఆ షాట్ నిలబడదు. గొంతు ఇంకా లేనప్పుడు, ఉత్త వేలి కొన మీది ప్లాస్టిక్ తలను చూస్తూ, అది ఏదో అన్నదని, ఆ అన్నది తనకు నచ్చలేదని కళ్లతో చెప్పాలి. ఆమె చూపు సరిగ్గా బొమ్మ కళ్ల దగ్గర ఆగుతుంది. ఆటలో నిజంగా మునిగిన పిల్లలు అలాగే చూస్తారు. పిల్లలు ఆడుకుంటున్నట్టు నటించే పిల్లలు మాత్రం ఎదురుగా ఉన్న పెద్దవాళ్ల వైపు చూస్తారు.

చనిపోయిన తండ్రితో ఆమె మాటలు ఇంకో పాఠం. జెఫ్ బ్రిడ్జెస్ కుర్చీలో కదలకుండా ఉంటాడు, రోజులు గడిచేకొద్దీ రంగు మారుతుంటాడు. పిల్ల అతనితో మాట్లాడుతుంది, విగ్గు పెడుతుంది, ముఖానికి రంగులు పూస్తుంది, ఒళ్లో ఒదుగుతుంది. ఎదుటివాడు జవాబు చెప్పడని తెలిసిన నటులు మామూలుగా తమ మాటలు గబగబా అప్పజెప్పేస్తారు. ఈమె అతని వంతుకు చోటు వదులుతుంది. మాట అని, ఆగి, జవాబు వచ్చిందన్నట్టు తర్వాతి మాట అందుకుంటుంది. ఆ ఖాళీ కొంచెం పొట్టిదైతే తెలివితక్కువ పిల్ల అనిపించేది, కొంచెం పొడుగైతే జాలి కోసం అడుక్కున్నట్టుండేది. ఆ ఆగడంలోనే తండ్రి సగం బతికి ఉంటాడు. బ్రిడ్జెస్ లాంటి నటుడు శవంగా కూర్చుని, పసిపిల్లకు సన్నివేశం మొత్తం వదిలెయ్యడం కూడా ఒక మర్యాదే అనుకోండి.

యాస సంగతి చాలామంది పట్టించుకోరు. నవలలో కథాస్థలం టెక్సస్. సినిమాలో పిల్ల అమెరికా దక్షిణాది యాసలోనే మాట్లాడుతుంది. కెనడా పడమటి తీరపు పిల్లకు అది పుట్టుకతో వచ్చిన పలుకుబడి కాదు. ఆ యాస మీద బొమ్మల గొంతులు, ఆ గొంతుల మీద వాటి వాటి స్వభావాలు. ఇన్ని పొరలున్నా ఎక్కడా అప్పగించినట్టుండదు.

ఇదంతా రెజైనాలో ఎలా కుదిరిందో కొంచెం చెప్పాలి, ఎందుకంటే ఈ నటనకు ఆ నేల కూడా ఒక భాగస్వామి. రెండు లక్షలు దాటిన జనాభా ఉన్న నగరం అది. బయటికొస్తే ఎటు చూసినా బల్లపరుపు నేల, గడ్డి, గోధుమ. నేలకన్నా ఆకాశమే ఎక్కువ. ఈశాన్యంగా క్వాపెల్ లోయ దగ్గర ఆ పలక హఠాత్తుగా కుంగి, మెత్తటి కొండవాలు వస్తుంది. నగరంలో కాలేజ్ అవెన్యూ మీద పాత ఉపాధ్యాయ శిక్షణ కళాశాల భవనాన్ని ఆనుకుని 2002లో పెద్ద స్టూడియో తెరిచారు. కెనడాలో ఇంటింటికీ తెలిసిన 'కార్నర్ గ్యాస్' హాస్య ధారావాహిక ఇండోర్ సన్నివేశాలు తీసింది అక్కడే. గిలియం బృందానికి లోపలి దృశ్యాలకు స్టూడియో, బయటి దృశ్యాలకు లోయ రెండూ చేతికందే దూరంలో దొరికాయి. టెక్సస్‌ను వెతుక్కుంటూ ఎవరూ సస్కాచెవాన్ రారు, కానీ గిలియంకు కావలసింది మ్యాపులో ఉన్న టెక్సస్ కాదు. అతని మనసులో ఉన్నది ఆండ్రూ వైయెత్ 1948లో వేసిన 'క్రిస్టీనాస్ వరల్డ్' చిత్రపటం. ఎండుగడ్డి వాలు మీద నేలకు ఆనుకున్న ఒక ఆడమనిషి, దూరంగా ఒంటరి ఇల్లు. ఆ పటంలోని నేల అతనికి ఇక్కడ దొరికింది.

ఛాయాగ్రాహకుడు నికోలా పెకోరినీ ఆ గడ్డిని పిల్ల ఎత్తునుంచి చూశాడు. కెమెరా తరచూ నేలబారుగా ఉంటుంది, లెన్స్ బాగా వెడల్పు, ఫ్రేము ఒక పక్కకు ఒరిగి ఉంటుంది. వెడల్పు లెన్స్‌కు ఒక దుర్గుణం ఉంది. దగ్గరకొచ్చిన ముఖాన్ని ఉబ్బిస్తుంది, నటుడు కాస్త ఎక్కువ చేస్తే కార్టూన్‌లా కనిపిస్తాడు. మెక్‌టీర్, ఫ్లెచర్ కొన్నిచోట్ల ఆ ఉచ్చులో పడ్డారనే నా అభిప్రాయం. జోడెల్ పడలేదు. ముఖంలో తక్కువ చేసి, పనంతా నడకలో, చేతుల్లో పెట్టుకుంది. తన భుజాల దాకా వచ్చే గడ్డిలో ఆమె పరుగెడుతుంటే ఆ పరుగులో ఒక లక్ష్యం ఉంటుంది. ఎక్కడికో వెళ్తోంది, ఏదో పనిమీద. ఒంటరి పిల్ల దిక్కుతోచక తిరుగుతున్నట్టు ఒక్క షాటులోనూ ఉండదు. అంత ఖాళీ నేలలో ఒక చిన్న మనిషికి అంత పని ఉండటం, అదే చూడముచ్చట.

సినిమాలో లోపాలు లేకపోలేదు. రెండో సగం సాగుతుంది. ఫ్రేము అస్తమానం ఒరిగి ఉండటం వల్ల ఒరిగిన చోటికి విలువ పోతుంది. డికెన్స్‌తో స్నేహం నడిచే భాగం చాలామందికి మింగుడుపడలేదు, వాళ్ల ఇబ్బందిని నేను కొట్టిపారెయ్యను. పసిపిల్ల చేత ఇలాంటి కథలో నటింపజెయ్యవచ్చా అన్న ప్రశ్న పనితనం మెచ్చుకుంటే మాయమైపోయేది కాదు. గిలియం కూడా ఆ ఇబ్బందిని ముందే ఊహించాడు. డిస్కులో సినిమాకు ముందు నలుపు తెలుపులో తనే కనిపించి, మీలో చాలామందికి ఇది నచ్చదని, పిల్లలు మనమనుకున్నంత పెళుసు కాదని, ఈ సినిమాను పసివాళ్ల కళ్లతో చూడమని చెబుతాడు. ఆ ముందుమాట లేకపోయినా నష్టం లేదు. అతను చెప్పినదాన్ని జోడెల్ చేసి చూపించింది, చెప్పినదానికన్నా బాగా.

మన సినిమాల్లో పిల్లల నటన గుర్తుచేసుకుంటే ఈ తేడా ఇంకా తెలుస్తుంది. పేరు ముందు 'బేబీ' తగిలించి, పెద్దవాళ్లు రాసిన చమత్కారాలు ముద్దు పలుకులతో చెప్పించి, చివర్లో గుక్కపట్టి ఏడిపించడం మనకు అలవాటు. మినహాయింపులు లేవని కాదు. గుణ్ణం గంగరాజు 1996లో తీసిన 'లిటిల్ సోల్జర్స్'లో బన్నీగా వేసిన కావ్యను ఆ ఒక్క పాత్రకే ఇప్పటికీ తలుచుకునేవాళ్లున్నారు. ఆ పిల్లలోనూ ఇదే గుణం ఉంది, తన ముద్దుతనం తనకు పట్టదు. తల్లిదండ్రులు పోయిన పిల్లల కథే అది కూడా. అయితే గంగరాజు సినిమా ఆ పిల్లకు అన్నను, తాతను, హాస్యాన్ని తోడిచ్చింది. జెలైజా రోజ్‌కి తోడున్నవి వేళ్లే.

ఒక్కతే పలువురిగా నటించే విద్యలో రెజైనాకు సొంత ఆడపడుచుగా ఇంకో గొప్ప నటి ఉంది. 1985లో అక్కడే పుట్టి, అక్కడే ఇంప్రొవైజేషన్ నాటకాలాడుతూ పెరిగిన టటియానా మస్లనీ 'ఆర్ఫన్ బ్లాక్'లో ఒకే రూపంలో ఉన్న ఎందరో ఆడవాళ్లుగా నటించి 2016లో ఎమ్మీ గెలుచుకుంది. ఒకే ఫ్రేములో తనతో తాను పోట్లాడటం, తనను తాను ఓదార్చుకోవడం ఆమె ప్రసిద్ధ విద్య. అందుకు ఆమెకు డూపు నటి ఉంది, కదలికను మళ్లీ అచ్చంగా చేసే కెమెరా యంత్రాలున్నాయి. ఆ విద్యనే, ఆ ఊరి చుట్టుపక్కలే, దాదాపు పదేళ్ల ముందు ఒక చిన్నపిల్ల యంత్రాలేవీ లేకుండా నాలుగు ప్లాస్టిక్ తలలతో చేసింది. ఒకరిని చూసి ఇంకొకరు నేర్చుకున్నారని కాదు. రెండింటినీ పక్కపక్కన పెట్టి చూస్తే మొదటిదాని కష్టం కొలతకు వస్తుంది.

కెనడా సినిమావాళ్లు గుర్తించకపోలేదు. జీనీ అవార్డుల్లో ఉత్తమ బాలనటి అని పక్కన కూర్చోబెట్టకుండా, ఉత్తమ కథానాయిక విభాగంలోనే పెద్దవాళ్ల వరసలో ఆమెను నామినేట్ చేశారు. బహుమతి రాలేదు. రెజైనాలో సినిమాల ఊపు కూడా ఎంతోకాలం నిలవలేదు. 2012 బడ్జెట్‌లో సస్కాచెవాన్ ప్రభుత్వం సినిమా పన్ను రాయితీ ఎత్తేసింది. పనివాళ్లు వేరే ప్రావిన్సులకు తరలిపోయారు. పదేళ్లు గడిచాక 2022లో నిర్మాణ సాయానికి కోటి డాలర్ల నిధి ప్రకటించారు. ఇంకో గిలియం వచ్చి ఇంకో మొండి సినిమా తీస్తాడో లేదో గాని, స్టూడియో తలుపులు తీసే అవసరం మళ్లీ పడుతోంది.

సినిమా తీసిన రోజుల మీద 'క్యూబ్' దర్శకుడు విన్సెంజో నటాలీ 'గెటింగ్ గిలియం' అనే డాక్యుమెంటరీ తీశాడు. అది కూడా చూడదగినదే, కాకపోతే ముందు సినిమా చూడండి. చూసేవాళ్లకు ఒక సూచన. మొదటిసారి కథ మిమ్మల్ని నలిపేస్తుంది, నటన కనబడదు. కొన్నాళ్లాగి, పిల్ల బొమ్మలతో మాట్లాడే సన్నివేశం ఏదైనా ఒకటి ఎంచుకుని, శబ్దం పూర్తిగా తీసేసి మళ్లీ చూడండి. ఏ బొమ్మ మాట్లాడుతోందో, ఆ మాట పిల్లకు నచ్చిందో లేదో, వినబడకపోయినా తెలుస్తుంది.